బొగ్గుగొంతు

మైకుసెట్టు నాది, పాట ఆమెది.
నేను చెప్పేది కాస్త కరకరగా వినిపిస్తే
పాత స్పీకరని సర్దుకోండి.

బిట్రగుంట లోకోషెడ్డులో బొగ్గుతట్టలు మోసే
సువార్తమ్మ కూతురు కెజియా.
తల్లి తట్ట దించి ఊపిరి తీసుకునేలోపల
దాన్ని బోర్లించి నాలుగు వేళ్లతో వాయించేది.
ముందు బరువుగా, ఒక్కొక్క దెబ్బ,
ఆపైన తనను తానే తరుముకుంటా.
ఎవురు నేర్పారే అంటే
"కావలి పొయ్యే గూడ్సుబండి" అనేది.

గార్డు రొజారియో దొర వరండాలో గ్రామఫోను.
అందులో ఎవురో నల్లామె
ఏడుస్తా నవ్వేది, నవ్వుతా ఏడ్చేది.
కసువు ఊడుస్తా ఉన్న కెజియాకి
ఒక్క ముక్క అర్థం కాలా.
చీపురు ఆపి అంది:
"ఈమెకీ ఎవురో కూలి ఎగ్గొట్టారు."

ఇన్‌స్టిట్యూట్ హాల్లో క్రిస్మస్ రాత్రి
మద్రాసు గాయకుడు బండి తప్పాడు.
పదిహేడేళ్ల పిల్ల, అరువు చెప్పులు,
మైకు ఆమె నుదుటి ఎత్తున.
నేను స్టాండు వంచబోయాను.
"వంచబాక, నేనే ఎక్కతా."
బొగ్గుతట్ట బోర్లించి నిలబడింది.

శనారం వచ్చిన రూపాయి
ఆదివారం మొగం చూడలా అని
ఆమె కట్టిన పాటే.
రాగం సగం చర్చిది, సగం దొర పెట్టెది,
దరువు మాత్రం మా పల్లె డప్పుది.
పాదం చివర గొంతు విరిచేది,
అతుకుతుందా లేదా అని హాలంతా బిగబట్టుకుంటే
ఆ విరుపు మీదే కాసేపు కూచునేది.

పాస్టరుగారు మూడు నెలలు
ప్రభువు బల్లకు దూరం పెట్టారు.
ఆ మూడు నెలలూ గుడి గోడ బయట నిలబడి
లోపలోళ్లు శ్రుతి తప్పినప్పుడల్లా
సరిచేసింది.

తరవాత ఆర్కెస్ట్రా.
అల్లూరు, ఉలవపాడు, సింగరాయకొండ,
లారీ వెనకాల డ్రమ్ముల మధ్య నిద్ర.
పోస్టరు మీద ఐదుగురు మగాళ్ల పేర్లు,
కింద చీమతలకాయంత 'మరియు గాయని'.
కావలి బస్టాండు గోడ మీద
తన పేరు బొగ్గుతో తనే రాసుకుంది.
జి కొంచెం వంకర.
వాన పడిందాకా ఉండింది.

డ్రమ్ములాయనకు ముప్పై,
ఆమెకు పన్నెండూ, ఒక పెరుగన్నం పొట్లం.
కందుకూరులో సగం కచేరీకి
మైకు నా చేతిలో పెట్టి మెట్ల మీద కూచుంది.
జనం ఈలలు. ఒకడు చెప్పు కూడా విసిరాడు.
కాంట్రాక్టరు చెయ్యి జేబులోకి పొయ్యిందాకా
ఆమె గోళ్లు చూసుకుంటా ఉండింది.
మా వైపు పాడే ఆడోళ్లకి రేటు పుట్టింది
ఆ మెట్ల మీదే.

మద్రాసులో ఒకే ఒక రికార్డు.
గొంతు ఆమెది, చీటీ మీద పేరు ఇంకెవురిదో.
వినడానికి ఇంట్లో మిషను లేదు,
దొర అప్పటికే ఓడెక్కి పొయ్యాడు.
ఓ రాత్రి నా సెట్టుకు తగిలించి
క్వార్టర్సు వైపు రెండు హారన్లు తిప్పాను.
సువార్తమ్మ చివరిదాకా విని
"నీ గొంతు కడిగేశారే వాళ్లు" అంది.
అంతకు మించిన విమర్శ
నేను యాడా వినలా.

డీజిలొచ్చింది. షెడ్డు మూతపడింది.
కీబోర్డు ఒక్కటే పదిమంది కూలి మింగింది.
నా హారన్లు పాతసామాన్లోడికి పొయ్యాయి,
ఆమె టీబడ్డీ పెట్టింది.
పాడతావా అని ఎవురూ అడగలా,
నేనూ అడగలా. అది నా తప్పే.

మొన్న ఓ కాలేజీ పిల్ల
ఫోను ఎత్తి పట్టుకోనొచ్చింది.
"అవ్వా, ఒక్క పాట రికార్డు చేసుకుంటా."
కెజియా గ్లాసు కడగడం ఆపలా.
"ముందు కూలి మాట్లాడు."
పిల్ల బిత్తరపోయి పర్సు తీసింది, లెక్కబెట్టింది.
అప్పుడు బక్కెట్టు బోర్లించింది కెజియా,
నాలుగు వేళ్లు.

డెబ్బై ఏళ్లొచ్చినా బుద్ధి రాలేదు నాకు,
లేచి స్టాండు కోసం వెతుక్కున్నాను.